బెనెలాంగ్ ఇష్టపడే లండన్ వెళ్ళాడా?

అడిగిన ప్రశ్న: ఆస్ట్రేలియా మూలవాసి బెనెలాంగ్ 1792లో ఇంగ్లండుకు తన ఇష్టంతోనే వెళ్ళాడంటారు, నిజమేనా?

ఇష్టం ఏమిటండీ! 1789 నవంబరులో అక్కడి బ్రిటిష్ వలస గవర్నర్ ఆర్థర్ ఫిలిప్ మనుషులు సిడ్నీ దగ్గర మ్యాన్లీ తీరంలో చేపలు ఎర చూపించి అతన్ని పట్టుకెళ్ళారు. కాలికి సంకెల వేశారు. ఆర్నెల్లకు తప్పించుకున్నాడు. తర్వాత ఫిలిప్‌తో స్నేహం కుదిరి, 1792 డిసెంబరులో ఆయనతోనే ఓడెక్కాడు. ఇలా మొదలైన పరిచయాన్ని ఇష్టం అంటే నేనొప్పుకోను.

అయినా అందరూ బెనెలాంగ్ గురించే అడుగుతారు. సిడ్నీ ఒపెరా హౌస్ ఉన్న చోటికి అతని పేరుంది కదా, సెల్ఫీలు దిగేవాళ్ళకు ఆ మాత్రం చాలు. అతనితో పాటు అదే ఓడలో వెళ్ళిన మరో మూలవాసి కుర్రాడు యెమ్మెరవానే సంగతి ఎవరికీ పట్టదు.

లండన్ శివారు ఎల్తమ్‌లో మా బావ ఉంటాడు. ఓ ఆదివారం బస్సు సగం దారిలో దింపేసింది (ఇక్కడ ఆదివారం బస్సుల్ని నమ్ముకుంటే అంతే). కూరగాయల సంచులతో సెయింట్ జాన్స్ చర్చి సమాధుల మధ్య నుంచి నడుస్తుంటే గోడ దగ్గర యెమ్మెరవానే సమాధి రాయి కనిపించింది. న్యూ సౌత్ వేల్స్ వాసి, 1794 మే 18న 19వ ఏట చనిపోయాడు అని చెక్కి ఉంది. బావ సంచులు కింద పెట్టి, "ఎనిమిదేళ్ళుగా ఇటే నడుస్తున్నా, ఒక్కసారీ చూళ్ళేదు బావా" అన్నాడు.

ఊపిరితిత్తుల జబ్బు అని రాశారు. నన్నడిగితే చలీ, బెంగా కలిసి చంపాయి. నేనొచ్చిన మొదటి చలికాలం రెండు నెలలు దగ్గాను. అమ్మ ఫోన్లో వాము కషాయం తాగమనేది, వాము కోసం రెండు బస్సులు మారేవాణ్ణి. ఆ కుర్రాడికి ఫోనూ లేదు, అమ్మా లేదు.

బెనెలాంగ్ 1795లో సిడ్నీకి తిరిగెళ్ళాడు. మరుసటేడు ఇంగ్లండులో తనకు జబ్బు చేసినప్పుడు సేవ చేసిన దంపతులకు ఎవరిచేతో ఉత్తరం రాయించాడు. స్నేహితులంతా క్షేమం అన్నాడు. అందులో ఆ కుర్రాడి ఊసు లేదు. నేనింక ఇంగ్లండు రాను, ఇప్పుడు మా ఇంటి దగ్గరున్నాను అని చెప్పి, రెండు జతల మేజోళ్ళు, రెండు జతల బూట్లు, కొన్ని జేబురుమాళ్ళు పంపమన్నాడు.