నాలా పక్క ఫ్లాటుకు నోటీసు వచ్చింది: చేతిలో ఉన్న డబ్బుతో అప్పు తీర్చేయాలా?

ప్రశ్న: హైదరాబాద్‌లో నాలాను (వాననీటి కాలువను) ఆనుకుని ఉన్న 20 ఫ్లాట్ల అపార్టుమెంటులో 2021లో ఫ్లాటు కొన్నాను. నిర్మాణంలో కొంత భాగం నాలా స్థలంలోకి వచ్చిందని ఈ మధ్య అధికారులు నోటీసు ఇచ్చారు. మా సంఘం హైకోర్టుకు వెళ్లి స్టేటస్ కో (ఉన్నది ఉన్నట్టే ఉంచాలన్న ఉత్తర్వు) తెచ్చుకుంది. లాయరు ఖర్చులకు ఫ్లాటుకు 1,20,000 రూపాయలు అడుగుతున్నారు. గృహరుణం 8.5 శాతం వడ్డీతో ఇంకా 31 లక్షలు ఉంది, నెలవారీ వాయిదా 29,600. బ్యాంకులో 6.75 శాతం వడ్డీకి 9 లక్షల డిపాజిట్ ఉంది. అందులో 8 లక్షలు అప్పుకు కట్టేయాలా, వాయిదాలు ఆపేయాలా, ఫ్లాటు అమ్మేయాలా?

జవాబు: వాయిదాలు ఆపే ఆలోచనను ముందుగా పక్కన పెట్టండి. బ్యాంకు అప్పిచ్చింది మీకు. ఫ్లాటు దానికి హామీ మాత్రమే. హామీ కూలినా, సగానికి తగ్గినా, అప్పు మీ పేరుమీదే ఉంటుంది. వాయిదా 90 రోజులు దాటి బకాయి పడితే బ్యాంకు మీ ఖాతాను మొండి బాకీగా లెక్కిస్తుంది, ఆ తర్వాత తాకట్టు ఆస్తిని స్వాధీనం చేసుకుని అమ్మే అధికారాన్ని బ్యాంకులకు ఇచ్చే సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు వస్తుంది. ఒక వివాదంలో ఉన్న మనిషి రెండో వివాదాన్ని తానుగా కొనితెచ్చుకోకూడదు.

మామూలు రోజుల్లో అయితే అప్పు ముందుగా తీర్చమనే చెప్పేవాడిని. ఇప్పుడు చెప్పను. 8 లక్షల మీద అప్పు వడ్డీకీ డిపాజిట్ వడ్డీకీ ఉన్న తేడా ఏడాదికి 14,000 రూపాయలు. మీరు 20 శాతం పన్ను పరిధిలో ఉంటే, డిపాజిట్ వడ్డీ మీద కట్టే ఆ పన్ను కూడా కలిపితే 25,000కు అటూ ఇటూ అవుతుంది. రేపు అద్దె ఇంటికి మారవలసి వచ్చినా, మరమ్మతుల్లో వాటా పడినా, సొంతంగా లాయరును పెట్టుకోవలసి వచ్చినా చేతిలో డబ్బు ఉండటానికి మీరు చెల్లించే ధర అది. రుణఖాతాలో కట్టేసిన డబ్బు అవసరానికి వెనక్కి రాదు. ఇంటి బీమా మీద కూడా ఆశ పెట్టుకోకండి. అది ప్రమాదాలకూ విపత్తులకూ ఉద్దేశించినది, అధికారుల ఉత్తర్వుతో జరిగే కూల్చివేతకు కాదు.

అసలు నష్టం ఎంతో మీకూ, బహుశా మీ సంఘానికీ ఇంకా తెలియదు. అందుకే లక్ష పెట్టి లాయరును చూడడానికి ముందు, కొన్ని వేలు పెట్టి కొలత వేయించండి. 2012 ఏప్రిల్‌లో వచ్చిన 168వ నంబరు జీవో ప్రకారం 10 మీటర్ల కంటే వెడల్పైన నాలాకు దాని హద్దు నుంచి 9 మీటర్లు, అంతకు లోపు వెడల్పు ఉన్నదానికి 2 మీటర్లు బఫర్ (ఏమీ కట్టకుండా వదిలే ఖాళీ స్థలం) వదలాలి. గ్రామ నక్షాలో (రెవెన్యూ పటంలో) నాలా వెడల్పు ఎంతుంది, మంజూరైన ప్లానులో బిల్డరు ఎంత చూపాడు, నేలమీద ఎంత మిగిలింది అన్న మూడు కొలతలూ సర్వేయరు చేత ఒకే కాగితం మీదికి తెప్పించండి. బఫరులో కట్టడం వేరు, నాలా స్థలంలోనే కట్టడం వేరు. మొదటిది నిబంధనల ఉల్లంఘన; రెండోది బిల్డరుకు లేని హక్కును మీకు అమ్మడం. ఉదాహరణకు 1,200 గజాల స్థలమని చెప్పి ఒక్కో ఫ్లాటుకు 60 గజాల అవిభాజ్య వాటా (విడదీయకుండా అందరికీ ఉమ్మడిగా ఉండే నేలలో భాగం) రాసిచ్చారనుకుందాం. అందులో 180 గజాలు నాలాదే అయితే మీకు నిజంగా దక్కేది 51 గజాలే. రిజిస్ట్రేషన్ జరిగిందన్న ధీమా ఇక్కడ పనికిరాదు, ఎందుకంటే రిజిస్ట్రేషన్ అమ్మకాన్ని నమోదు చేస్తుందే తప్ప లేని హక్కును పుట్టించదు. బ్యాంకు న్యాయసలహాదారు పరిశీలించినది బ్యాంకు కోసం, మీ కోసం కాదు.

ఈ కాగితం చేతికి వచ్చాకే సంఘం అడిగిన డబ్బు సంగతి చూడండి. సుప్రీంకోర్టు 2024 నవంబరు 13న ఇచ్చిన తీర్పులో కూల్చివేతకు ముందు 15 రోజుల నోటీసు ఉండాలని చెప్పింది గానీ, రోడ్లు, కాలిబాటలు, నదులు, జలవనరుల వంటి చోట్ల ఉన్న అనధికార కట్టడాలకు ఆ రక్షణ లేదని కూడా చెప్పింది. కాబట్టి స్టేటస్ కోను విజయంగా లెక్కించకండి. అది వ్యవధి మాత్రమే. నాకు ఎక్కువ అనుమానం కలిగించేది మరొకటి: మీరు రాసినదాన్ని బట్టి సంఘం పోరాటమంతా అధికారుల మీదే, బిల్డరు మీద ఒక్క కాగితమూ కదిలినట్టు లేదు. కేసు నడిపిస్తున్నది తెరవెనుక బిల్డరే అయితే మీ డబ్బుతో ఆయన తనను తాను కాపాడుకుంటున్నట్టే. ప్రాజెక్టు రెరాలో (స్థిరాస్తి నియంత్రణ సంస్థలో) నమోదై ఉంటే, స్థలం హక్కులో లోపం వల్ల కొనుగోలుదారుకు కలిగిన నష్టాన్ని బిల్డరు భరించాలని రెరా చట్టం 18(2) సెక్షన్ చెబుతోంది. ఆ క్లెయిముకు కాలపరిమితి కూడా లేదు. మీ వాటాను దశలవారీగా, రసీదు మీద, సంఘం బ్యాంకు ఖాతాకే ఇవ్వండి. అందులో కొంత బిల్డరు మీది ఫిర్యాదుకు కేటాయించాలని సమావేశంలో తీర్మానం చేయించండి.

అమ్మకం గురించి. నోటీసు సంగతి దాచి అమ్మడం కుదరదు. కొనేవారు మామూలుగా కనిపెట్టలేని లోపాన్ని అమ్మేవారు చెప్పి తీరాలని ఆస్తి బదిలీ చట్టం 55వ సెక్షన్ అంటుంది. కేసు నడుస్తుండగా కొన్నవారికి దాని ఫలితం వర్తిస్తుందని 52వ సెక్షన్ అంటుంది. అన్నీ చెప్పి అమ్మితే నేటి ధర బాగా పడిపోతుంది, అప్పు తీరగా మిగిలేది కూడా తక్కువే కావచ్చు. కొలతలో మీ బ్లాకు నాలాకు బయట ఉందని, పోయేది ప్రహరీ, పార్కింగ్ మాత్రమేనని తేలితే ఇప్పుడు అమ్మడం తొందరపాటు. బ్లాకే నాలాలో ఉందని తేలితే మాత్రం, తెలిసి కొనేవారు దొరికినప్పుడు ధర దగ్గర పట్టుపట్టకండి.