గోడ మీద జిడ్డు ఎక్కడుండాలి?

ప్రశ్న: బీఎఫ్‌ఏ పెయింటింగ్ ఆఖరి సంవత్సరం చదువుతున్నాను. సినిమాలకు, సీరియల్స్‌కు ప్రొడక్షన్ డిజైనర్‌గా (సెట్లు, వాటిలోని వస్తువులు ఎలా ఉండాలో తీర్చిదిద్దే పని) పనిచేయాలని ఉంది. బొమ్మలు బాగా వేస్తానంటారు. అది సరిపోతుందా?
– ఒక పాఠకురాలు, రాజమహేంద్రవరం

జవాబు: సరిపోదమ్మా. బొమ్మ వేయడం వచ్చి ఉండటం మంచిదే, దర్శకుడి ముందు నాలుగు గీతలు గీసి చూపిస్తే గంట వాదన తప్పుతుంది. కానీ పని కోసం వచ్చినవాళ్లను నేను 1970ల నాటి పల్లెటూరి ఇంటి గోడ ఒకటి గీయమంటాను. అందరూ సున్నం గోడ, దేవుడి క్యాలెండర్ గీసి ఇస్తారు. దీపపు గూడు పైన పొగచూరిన మరక, రోజూ చేరగిలబడే చోట తలనూనె జిడ్డు, నల్లటి గుండ్రటి స్విచ్చుల చుట్టూ వేళ్ల మురికి... నేను వెతికేది వాటికోసం. కొత్త ప్లైవుడ్ మీద ఆ జిడ్డు తెప్పించడానికి మా పెయింటర్లు టీ డికాక్షన్, రంగు పొడి, తడిగుడ్డ వాడతారు. కాస్త ఎక్కువైతే కాపురం ఉంటున్న ఇల్లు కాస్తా పాడుబడ్డ కొంపలా కనిపిస్తుంది.

ఇక లెక్కలు. స్క్రిప్టు అందగానే ఏ సీను ఎక్కడ, పగలా రాత్రా, ఏ వస్తువులు కావాలో రాసుకుని కలప, కూలీ, సెట్లో పెట్టే సామాన్ల అద్దె అంచనా కట్టాలి. నిర్మాత ఎలాగూ సగంలో అవగొట్టమంటాడు. కెమెరామన్‌తో ముందే కూర్చుంటే, ఫ్రేములోకి రాని గోడ కట్టకుండా మానేయవచ్చు.

సీరియల్ పనిని చిన్నచూపు చూస్తే నాకు ఒళ్లుమంట. అక్కడ ఒకే హాలు ఏళ్లతరబడి నిలవాలి, కెమెరా వెనక్కి జరగడానికి గోడ ఊడి రావాలి, కర్టెన్లూ సోఫా మార్చేసరికి అదే హాలు వియ్యంకుడి ఇల్లయిపోవాలి. చేతికి వేగం వచ్చేది అక్కడే.

పుణెలోని ప్రభుత్వ సినిమా శిక్షణ సంస్థ ఎఫ్‌టీఐఐలో ఈ కోర్సు ఉంది. సీటు రాకపోతే ఎవరైనా ఆర్ట్ డైరెక్టర్ దగ్గర సహాయకురాలిగా చేరండి. మొదట టేపు పట్టుకుని కొలతలు తీయడం, షాట్ అయ్యాక ఏ గ్లాసు ఎక్కడుందో ఫొటో తీసుకోవడం మీ పని. జీతం ఎంతో, ఎప్పుడిస్తారో చేరేముందే అడగండి. మొహమాటపడితే పస్తులే.

ప్రశ్న: గ్రాఫిక్స్ ఉండగా ఇంకా సెట్లెందుకు?
– ఒక పాఠకుడు, ఖమ్మం

జవాబు: కంప్యూటర్లు లేనప్పుడూ ఊరంతా కట్టలేదండీ. 1957 నాటి ‘మాయాబజార్’లో గోఖలే, కళాధర్ కళా దర్శకులు. అందులో ద్వారక 50 అడుగులకు 60 అడుగుల చోటులో పేర్చిన దాదాపు 300 బుల్లి ఇళ్లు, వాటిలో విద్యుద్దీపాలు! 2015లో ‘బాహుబలి’కి సాబు సిరిల్ రామోజీ ఫిల్మ్ సిటీలో మాహిష్మతి సెట్లు వేస్తే, మిగతా నగరం కంప్యూటర్లో లేచింది. నటుడు తాకేది, ఎక్కేది, తోసేది మేం కడతాం. ఎక్కడిదాకా కట్టాలో తేల్చేదీ, ఆపైన ఏ రంగు, ఏ కొలత ఉండాలో గ్రాఫిక్స్ వాళ్లకు గీసిచ్చేదీ ప్రొడక్షన్ డిజైనరే. ఆకుపచ్చ తెర ముందు అరటిచెట్లు నిలబెట్టమని అడిగేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. కంప్యూటర్లో ఆ తెర రంగు తీసేస్తే, దాంతోపాటు ఆకులూ మాయమవుతాయి. అలాంటప్పుడు నీలి తెర తెప్పించే బాధ్యత కూడా మా మీదే పడుతుంది.