ఎమ్మెరిహ్ ఒక తాత పేరు

ప్రశ్న: ఎమ్మెరిచ్ అనే జర్మన్ పేరుకు అర్థం ఏమిటి? ఎక్కడి నుంచి వచ్చింది? మేం జర్మనీలో ఉంటున్నాం, అరుదైన పేరు కదా, మా బాబుకి పెడితే బాగుంటుందా?

ఆ పేరున్న మనిషి ఇంట్లో మేం ఆరేళ్లు అద్దెకున్నాం. స్టుట్‌గార్ట్ పక్కన చిన్న ఊరు. కింద ఆయన, పైన మేము. అందుకే ఈ ప్రశ్న కనబడ్డాక రాయకుండా ఉండలేకపోయాను.

ముందు పలకడం సరిచేసుకోండి. అది ఎమ్మెరిచ్ కాదు, ఎమ్మెరిక్ కూడా కాదు. ఎమ్మెరిహ్. చివరి "హ్" గొంతులోంచి కాకుండా అంగిలి దగ్గర గాలి రాసుకున్నట్టు మెత్తగా రావాలి. మన పుస్తకాల్లో, పేపర్లలో హైన్రిచ్, ఫ్రీడ్రిచ్ అని రాసీ రాసీ మనందరికీ అదే అలవాటు చేశారు. పిల్లాడికి పేరు పెట్టేముందు కనీసం ఆ పేరు సొంతవాళ్లు ఎలా పిలుచుకుంటారో వినాలి కదా.

ఇక అర్థం. పిల్లల పేర్ల సైట్లలో ఒకచోట "ఇంటికి రాజు" అని, ఇంకోచోట "బలమైన రాజు" అని, మరోచోట "కష్టపడే రాజు" అని ఉంటుంది. ఇన్ని అర్థాలు ఎందుకున్నాయో మాత్రం ఎవరూ చెప్పరు. నాకు ఈ సైట్లంటేనే ఒళ్లు మంట. ఒకడు రాసింది పదిమంది ఎత్తిరాసుకుంటారు, దాన్ని నమ్మి మనం బారసాల చేసేస్తాం.

చివరి ముక్క మీద పేచీ లేదు. "రిహ్" అంటే పాలించేవాడు. లాటిన్‌లో "రెక్స్", మన "రాజు", అన్నీ ఒకే కుదురు. హైన్రిహ్, ఫ్రీడ్రిహ్, ఉల్రిహ్, అన్నిటి తోకా అదే. తగాదా అంతా మొదటి ముక్క దగ్గర. అది "హైమ్" అని కొందరంటారు, అంటే ఇల్లు. "అమల్" అని కొందరంటారు. అది ఓస్ట్రోగోతుల రాజవంశం పేరు. గోతులు పాతకాలపు జర్మానిక్ తెగ, ఓస్ట్రోగోతులు, విసిగోతులు అందులో శాఖలు. థియోడరిక్ ఆ వంశం వాడే. ఆయన మనవడు అమలరిక్ విసిగోతులను ఏలి 531లో హత్యకు గురయ్యాడు. ఇంకొందరు "ఎర్మిన్" అంటారు, అంటే సమస్తం, మహా అని. 4వ శతాబ్దంలో హూణులు విరుచుకుపడ్డప్పుడు గోతులను ఏలుతున్న ఎర్మనరిక్ పేరులో ఉన్నది ఆ ముక్కే. ఈ పాత పేర్లన్నీ జనం నోళ్లలో నలిగి నలిగి ఒకదాంట్లో ఒకటి కలిసిపోయాయి. ఫ్రెంచివాళ్ల అమోరీ, ఇంగ్లీషువాళ్ల ఎమరీ, హంగేరీవాళ్ల ఇమ్రె, అందరూ ఈ గుంపులోవాళ్లే.

కానీ నా మాట వినండి, ఆ కాలంవాళ్లు పేరును వాక్యంలా చదువుకోలేదు. "హిల్డెగుండ్" అని ఆడపిల్లల పేరుంది. హిల్డ్ అంటే యుద్ధం, గుండ్ అన్నా యుద్ధమే. "యుద్ధం యుద్ధం" అని ఏ తల్లైనా కూతుర్ని పిలుచుకుంటుందా? వాళ్లకు కావలసింది ఆ ముక్కలు ఎవరివి అన్నదే. 11వ శతాబ్దంలో ఇంగ్లండులో వుల్ఫ్‌స్టాన్ అనే బిషప్ ఉండేవాడు. తండ్రి ఎథెల్‌స్టాన్, తల్లి వుల్ఫ్‌గిఫు. తల్లి పేరులో ముందు ముక్క, తండ్రి పేరులో వెనక ముక్క తీసి కొడుక్కి కట్టారు. "తోడేలు రాయి" అని అర్థం వస్తుందే అని ఎవరూ దిగులుపడలేదు.

ఇది నాకు పుస్తకాలకన్నా ముందు మా ఇంటి ఓనరు తాత నేర్పాడు.

2015 నవంబరు. మా వాడికి మూడో నెల. ఆ రోజు 5వ తేదీ. హంగేరీ వైపు కాథలిక్కులు తమ పేరున్న పునీతుడి రోజున పేరు పండగ చేసుకుంటారు, పుట్టినరోజుకన్నా ఎక్కువగా. ఆయనకి అది ఆ రోజే. తాత పైకి వచ్చాడు. చేతిలో చిన్న వెండి చెంచా, చెక్క పెన్సిలు, గళ్ల కాగితం. ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ ఫ్యాక్టరీలో పనిముట్లు చేసిన మనిషి, చెక్కడం చేతనవును. అక్కడ బాప్టిజం పిల్లలకి పేరు చెక్కిన చెంచా ఇస్తారు. మా వాడికి బాప్టిజం లేకపోయినా చెంచా ఉండాల్సిందే అని ఆయన పట్టు. "పేరు పెద్ద అక్షరాల్లో రాసివ్వు" అన్నాడు. మన ఉగ్గుగిన్నె లాంటిదేలే అనుకుని సంబరంగా రాసిచ్చాను. ఆరుష్.

కళ్లజోడు సవరించుకుని చూశాడు. "ఇది ఎవరి పేరు?" అన్నాడు.

"సూర్యుడి తొలి కిరణం అని అర్థం" అన్నాను.

"అది కాదమ్మా. ఎవరి పేరు? మీ నాన్నదా? మీ మామగారిదా?"

ఎవరిదీ కాదు. ఆ మాట పైకి అనడానికి నాకు నోరు రాలేదు. నిజానికి నేను మా నాన్న పేరు పెడదామన్నాను. "ఆ పేరు ఇప్పుడెవరు పెడుతున్నారు, బడిలో నవ్వుతారు" అని అటువాళ్లు, ఇటువాళ్లు, ఆఖరికి మా నాన్న కూడా అన్నారు. తాత పేరు మనవడికి పెట్టుకునే జాతి మనది. ఒక్క తరంలో అదంతా ఎటు పోయిందో నాకు తెలీదు. ఇప్పుడు ఏ ఫంక్షన్‌కి వెళ్లినా పిల్లల పేర్లన్నీ "ష్"తోనో "న్ష్"తోనో ముగుస్తాయి. న్యూమరాలజీవాడు చెప్పాడని ఇంగ్లీషులో ఒక అక్షరం అదనం. బామ్మలు ఆ పేర్లు పలకలేక "నానీ", "చిన్నూ" అనేసి ఊరుకుంటున్నారు.

తాత ఇంకేమీ అనలేదు. నన్ను కిందికి రమ్మని, బీరువా మీంచి పాత బిస్కెట్ డబ్బా దించాడు. అందులోంచి మూడు కాగితాలు తీసి, మేజా బల్ల మీద పక్కపక్కనే పరిచి, మడతలు అరచేత్తో సాపు చేశాడు. మొదటిది ఆయన తాత బాప్టిజం కాగితం, లాటిన్‌లో, సిరా గోధుమరంగుకి తిరిగిపోయింది. అక్కడ పేరు ఎమెరికస్. రెండోది 1938లో ఈయన పుట్టినప్పుడు హంగేరీ సర్కారు ఇచ్చింది. అక్కడ ఇమ్రె. మూడోది 1946లో జర్మనీ శిబిరంలో టైపు కొట్టింది. అక్కడ ఎమ్మెరిహ్. మూడు కాగితాల మీదా పేరున్న చోట వేలితో తడుతూ పోయాడు. "మా తాత, నేను, నేను" అన్నాడు.

ఆయనవాళ్లు హంగేరీలో తరతరాలుగా బతికిన జర్మన్ రైతులు. డాన్యూబ్ ష్వాబులు అంటారు. ఇంట్లో జర్మన్, బడిలో హంగేరియన్, గుడిలో లాటిన్. యుద్ధం అయిపోయాక వాళ్లను వెళ్లగొట్టారు. మొదటి రైలు 1946 జనవరి 19న బుడపెస్ట్ పక్కనున్న బుడఓర్ష్ నుంచి కదిలింది. 1948 వరకూ సుమారు 2 లక్షల మందిని అలా పంపేశారు. ఈయనకి అప్పుడు ఎనిమిదో ఏడు. శిబిరంలో గుమస్తా కాగితం చూసి ఇంటిపేరును పేరనుకుని, పేరును ఇంటిపేరనుకుని తిరగేసి రాయబోయాడట. ఎందుకంటే హంగేరీలో కూడా అచ్చం మనలాగే ఇంటిపేరు ముందు, పేరు తర్వాత. నాకు ప్రాణం లేచొచ్చినట్టయింది. ఈ దేశంలో ప్రతి ఫారంలోనూ మా ఆయన ఇంటిపేరు ఎక్కడ పెట్టాలో తెలీక మేం పడ్డ అవస్థ ఇంతా అంతా కాదు. ఒక ఆఫీసు మా వాడి జనన పత్రంలోనే తారుమారు చేసింది. దిద్దించుకోవడానికి నాలుగు నెలలు తిరిగాం, పొరపాటు వాళ్లదైనా రుసుము మాదే. ఓనరు తాతకి మాత్రం నేను సగం చెప్పగానే అర్థమైపోయింది.

ఇంతకీ హంగేరీలో ఆ పేరు అంత గట్టిగా ఎందుకు నిలిచిందంటే, అది వాళ్ల యువరాజు పేరు. తొలి రాజు స్టీఫెన్ కొడుకు. తల్లి గిజెలా బవేరియా ఆడపడుచు, చక్రవర్తి రెండో హైన్రిహ్‌కు చెల్లెలు. మేనమామ పేరే మేనల్లుడికి పెట్టారని చరిత్రకారులు చెబుతారు. అంటే ఇమ్రె, హైన్రిహ్ ఒకే పేరన్నమాట, "ఇంటి రాజు" అన్న వాదానికి బలం కూడా అక్కడే. ఆ పిల్లాడు 1031లో వేటకెళ్లి అడవిపంది చేతిలో చచ్చిపోయాడు. 1083లో తండ్రినీ కొడుకునీ ఒకే ఏడు పునీతులుగా ప్రకటించారు. స్టీఫెన్ తన కొడుక్కి లాటిన్‌లో రాయించిన హితవుల్లో ఒక మాట ఉంది, బయటినుంచి వచ్చినవాళ్లను ఆదరించు, ఒకే భాష, ఒకే ఆచారం ఉన్న రాజ్యం బలహీనమైనది, పెళుసైనది అని. ఆ మాట ఎవరి కోసం రాశారో ఆయన పేరే పెట్టుకున్న ఎనిమిదేళ్ల పిల్లాణ్ని, భాష వేరని చెప్పి రైలెక్కించారు. తాత ఇది చెప్పినప్పుడు గొంతు పెంచలేదు. కాగితాలు వరసగా మళ్లీ మడిచాడు.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. "హైమ్" అన్న మాట వెంటపడి చదివాను. సంస్కృతంలో దానికి చుట్టం "క్షేమం" అని ఒక వాదం ఉంది. క్షేమం అంటే మొదట నివాసం, భద్రంగా ఉండే చోటు. నేను హాస్టల్లో ఉన్నప్పుడు మా నాన్న రాసిన ప్రతి ఇన్‌లాండ్ లెటరూ "ఇక్కడ మేమంతా క్షేమం, నీవు క్షేమమని తలుస్తాను" అనే మొదలయ్యేది. చదవకుండా దాటేసేదాన్ని ఆ లైను. తెల్లారి కిందికెళ్లి తాతకి చెప్పాను, మీ పేరును మా భాషలో చెప్పుకోవాలంటే క్షేమరాజు అని. ఆ మాట నాచేత మూడుసార్లు పలికించుకున్నాడు. "క్ష" రాలేదు. గళ్ల కాగితం మీద తనకి తోచిన అక్షరాల్లో రాసి, ఆ కాగితం కూడా డబ్బాలో పెట్టుకున్నాడు.

ఈ పేరు మీకు కొత్తేమీ కాదని కూడా చెప్పాలి. మన ఇళ్లల్లో రోజుకి పదిసార్లు అనే పేరే. ఇదే పేరు ఇటలీలో అమెరిగో అయింది. ఫ్లోరెన్స్‌లో పుట్టిన అమెరిగో వెస్పూచికి ఆ పేరు ఎవరిదనుకున్నారు? వాళ్ల తాతది. ఆయన పేరుమీదే 1507లో సాన్ దియే అనే ఊళ్లో వాల్డ్‌సేమ్యులర్, రింగ్‌మన్ అనే ఇద్దరు జర్మన్లు పటం అచ్చువేస్తూ కొత్త ఖండానికి అమెరికా అని పెట్టారు. యూరప్, ఆసియా ఆడపేర్లు కదా, ఇది కూడా అలాగే ఉండాలని అమెరిగోను అమెరికా చేశారు. ఆ పటం ప్రతి ఒక్కటే మిగిలింది. 1901లో మాకు దగ్గర్లోనే వోల్ఫెగ్ కోటలో బయటపడింది. 2003లో అమెరికావాళ్లు కోటి డాలర్లిచ్చి కొనుక్కుని వాషింగ్టన్‌లో పెట్టుకున్నారు. మన ఊళ్లల్లో "మా వాడు అమెరికాలో ఉన్నాడు" అని మురిసిపోయే ప్రతి తల్లీ ఫ్లోరెన్స్‌లో ఎవరో తాత పేరు తలుచుకుంటోంది.

ఇక మీ బాబు సంగతి. మీకు గానీ మీ వారికి గానీ ఆ దేశంలో అన్నంపెట్టి ఆదుకున్న ఎమ్మెరిహ్ ఎవరైనా ఉంటే నిశ్చింతగా పెట్టండి. ఆ మనిషికి చెప్పి పెట్టండి. జర్మనీలో ఈ పేరు ఇప్పుడు ముసలివాళ్లకే ఉంది, ఇంటిపేరుగా ఎక్కువ వినిపిస్తుంది, కాబట్టి బడిలో "ఇది నీ ఇంటిపేరా" అని అడుగుతారు, దానికి సిద్ధపడండి. అరుదుగా ఉందని మాత్రమే అయితే వద్దు. మీ నాన్నగారి పేరో మామగారి పేరో అంతకన్నా అరుదైపోయింది ఈపాటికి. నమోదుకి ముందే పట్టుబట్టండి. నేను పట్టుబట్టలేకపోయాను.

చెంచా క్రిస్మస్ ముందు ఇచ్చాడు తాత. కాడ మీద ఆరుష్ అని ఉంది. దాని వెనక, చిన్న అక్షరాల్లో, మా నాన్న పేరు. స్పెల్లింగు నేను చెప్పలేదు. మా ఆయన్ని విడిగా అడిగి రాయించుకున్నాడట. పాస్‌పోర్టులో ఆ రెండో పేరు లేదు. మా వాడు ఇప్పటికీ పెరుగు ఆ చెంచాతోనే తింటాడు.