పుట్టగొడుగులో ‘పుట్ట’ ఏ పుట్ట?

సందేహం: మా అబ్బాయి నాలుగో తరగతి. పుట్టగొడుగు అంటే ‘ఉన్నట్టుండి పుట్టే గొడుగు’ అని వాళ్ల టీచరు చెప్పారట. మా అత్తగారిది అరకు వైపు పల్లె. ఆవిడ ఒప్పుకోలేదు. పుట్ట మీద లేస్తుంది కాబట్టే ఆ పేరు అంటారు. ఎవరిది సరైనది? సూపర్ మార్కెట్‌లో డబ్బాల్లో అమ్మేవాటికి ఏ పుట్టా ఉండదు కదా, వాటినీ పుట్టగొడుగులు అనొచ్చా? కుక్కగొడుగు, శిలీంధ్రం అన్నా ఇదేనా?
– ఒక పాఠకురాలు, విశాఖపట్నం

సమాధానం: నేను మీ అత్తగారి పక్షం. అలాగని టీచరుగారిని తప్పుపట్టలేం. రాత్రి లేనిది తెల్లారేసరికి గొడుగు విప్పుకుని నిలబడితే ఎవరికైనా ‘పుట్టడమే’ తోస్తుంది. దానికి తోడు పేపర్లలో ‘పుట్టగొడుగుల్లా పుట్టుకొచ్చిన కోచింగ్ సెంటర్లు’ అని ఏళ్ల తరబడి చదువుతున్నాం. పక్కపక్కనే వినిపించే ఆ రెండు మాటలనూ చెవి ముడివేసేసింది.

కానీ తెలుగులో సమాసాలు కుదిరే తీరు చూడండి. ‘పుట్టు’ అనే ధాతువు మరో మాట ముందు చేరినప్పుడు చివరి ఉకారం చెక్కుచెదరదు. పుట్టుమచ్చ, పుట్టువెంట్రుకలు, పుట్టుగుడ్డి. పుట్టమచ్చ అని ఎవరూ అనరు. పుట్టడం వల్ల వచ్చిన పేరే అయితే మనం ‘పుట్టుగొడుగు’ అనేవాళ్లం. పాములుండే పుట్ట ముందు చేరినప్పుడు మాత్రం పుట్టమన్ను, పుట్టతేనె అంటాం. పుట్టగొడుగు ఈ రెండో వరసలోది. పుట్ట యొక్క గొడుగు, షష్ఠీ తత్పురుషం. కొన్ని ఊళ్లలో దీన్నే పుట్టకొక్కు అంటారు. అక్కడ గొడుగు పోయింది కానీ పుట్ట పోలేదు.

పొరుగు భాషలను పిలిస్తే సాక్ష్యం ఇంకా గట్టిపడుతుంది. తెలుగులో పుట్ట, పుట్టు రెండింటిలోనూ ఉన్నది ‘ట్ట’ కాబట్టి ఒకే కుదురువి అనిపిస్తాయి. కన్నడంలో అలా కాదు. పాముపుట్టను వాళ్లు హుత్త అంటారు, పుట్టడాన్ని హుట్టు అంటారు. ఒకటి త్త, ఒకటి ట్ట. తమిళంలో పుట్టను పుఱ్ఱు అంటారు. తమిళంలో ఱ్ఱ, కన్నడంలో త్త, తెలుగులో ట్ట – ఇది ద్రావిడ భాషల్లో మామూలుగా కనిపించే వరస. మన ‘చుట్టు’ తమిళంలో చుఱ్ఱు, కన్నడంలో సుత్తు. అంటే పుట్టకీ పుట్టుకకీ మొదట్లో చుట్టరికం లేదు. తెలుగులో రెండు వేరువేరు ధ్వనులు వచ్చి ఒకే ట్టలో కలిశాయి, అంతే.

మాట సంగతి అలా ఉంచి వస్తువు దగ్గరికి వస్తే, మన పూర్వులు ఎంత నిక్కచ్చిగా పేరు పెట్టారో తెలిసి నాకు ముచ్చటేస్తుంది. ‘చీమలు పెట్టిన పుట్టలు పాములకు నెలవైనట్లు’ అని సామెత చెబుతుంది గానీ ఆ పుట్టలు పెట్టేవి చీమలు కావు, చెదలు. పుట్టలు పెట్టే ఈ జాతి చెదలకు ఎండుకట్టె, రాలిన ఆకు సొంతంగా బాగా అరగవు. అందుకని వాటిని నమిలి, సగం అరిగించి విసర్జించి, ఆ పదార్థంతో పుట్ట లోపల స్పాంజిలాంటి గుల్లగుల్ల దిబ్బలు కడతాయి. వాటి మీద ఒక రకం శిలీంధ్రాన్ని పెంచుతాయి. మనం నారుమడి చూసుకున్నట్టే. ఆ శిలీంధ్రం కట్టెలోని గట్టి పదార్థాన్ని విరిచి మెత్తబరుస్తుంది. దాన్నీ, దాని మీద తెల్లగా ఆవగింజల్లా వచ్చే ముద్దల్నీ చెదలు తింటాయి. ఈ పొత్తు మొదలై దాదాపు 3 కోట్ల ఏళ్లయిందని శాస్త్రజ్ఞుల లెక్క. మన వ్యవసాయం వయసు దాని ముందు ఏపాటిది!

వానలు పడి పుట్ట బాగా నానాక, చెదలు పెంచిన ఆ శిలీంధ్రమే మట్టిని చీల్చుకుని పైకొచ్చి గొడుగు విప్పుతుంది. గట్టినేలను పొడుచుకు రావాలి కదా, అందుకే గొడుగు నడినెత్తిన చిన్న మొన ఉంటుంది. పీకి చూస్తే కింద ముల్లంగిలా సన్నబడుతూ పోయే పొడుగాటి కాడ. వేరులా కనిపిస్తుంది కానీ వేరు కాదు, లోపలి చెదగూటి దాకా దిగిన కాడే. చదును నేల మీద లేచిన వాటినీ పుట్టగొడుగులే అంటారేమిటని మీరు అడగొచ్చు. చాలా చెదగూళ్లు నేల లోపలే ఉంటాయి, పైకి దిబ్బ కనిపించదు. తవ్వితే పుట్ట బయటపడుతుంది.

ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు రోజర్ హైమ్ 1942లో ఈ ప్రజాతికి, అంటే దగ్గరి చుట్టాలైన జాతుల గుంపుకి, టెర్మిటోమైసిస్ అని పేరు పెట్టాడు. టెర్మైట్ అంటే చెద, గ్రీకులో మైకీస్ అంటే పుట్టగొడుగు. తెలిసి చేసినా తెలియక చేసినా మన పల్లెటూరి మాటను ఆయన లాటిన్‌లోకి తర్జుమా చేసినట్టే ఉంది. దక్షిణ భారతంలో దొరికిన ఒక జాతిని 1979లో వర్ణించినప్పుడు దానికి టెర్మిటోమైసిస్ హైమీ అని ఆయన పేరే పెట్టారు. ఆఫ్రికాలో జాంబియా వైపు ఇదే ప్రజాతిలో మరో జాతి ఉంది. దాని గొడుగు దాదాపు మీటరు వెడల్పు దాకా పెరుగుతుంది. నిజంగానే నెత్తిన పట్టుకోవచ్చు.

రుచి గురించి మీ అత్తగారికి నేను చెప్పేదేముంది! మా అమ్మమ్మ ఏ పుట్ట దగ్గర ఏ కార్తెలో లేస్తాయో లెక్క పెట్టుకుని చీకటితోనే వెళ్లేది. ఆ చోటు సొంత చెల్లెలికి కూడా చెప్పలేదు. తెచ్చిన పూటే వండాలి, సాయంత్రానికి నల్లబడి పురుగు పట్టేస్తాయి. కాడ చివర మన్ను గీకి, పసుపునీళ్లలో కడిగి, ఉల్లిపాయ, పచ్చిమిర్చితో ఇగురు పెడితే మాంసం కూరలా నమిలే పని ఉంటుంది. బరువులో దాదాపు తొమ్మిదొంతులు నీరే కాబట్టి గిన్నెడు వేస్తే గరిటెడు అవుతుంది. ఆ అలక మాత్రం మా ఇంట్లో ఏటా ఉండేది.

ఇక సూపర్ మార్కెట్ సంగతి. పుట్ట మీది జాతిని చెదలు లేకుండా గొడుగు విప్పేలా పెంచడం ఇంతవరకూ వ్యాపార స్థాయిలో కుదరలేదు. అందుకే అది వానాకాలంలో సంతలోనే దొరుకుతుంది. డబ్బాల్లో అమ్మే తెల్ల గుండీల్లాంటివి మరో ప్రజాతివి. గడ్డి, ఎరువు కలిపి మాగబెట్టిన కంపోస్టులో పెంచుతారు. పుట్టతో వాటికి ఏ సంబంధమూ లేదు. అయినా పుట్టగొడుగులు అనొచ్చు. నూనె మాటను చూడండి. నువ్వుల నెయ్యి నూనె అయింది. ఇప్పుడు నువ్వుగింజ తగలని కొబ్బరినూనె, వేరుశనగనూనె అనడానికి ఎవరైనా సంకోచిస్తున్నారా? సంస్కృతంలో తిల నుంచి వచ్చిన తైలమూ ఇదే దారి. దీన్ని అర్థవ్యాకోచం అంటారు. పుట్టగొడుగు కూడా అలాగే ఒక జాతి పేరుగా మొదలై మొత్తం కులానికి పేరైంది.

కుక్కగొడుగు వేరు. తెలుగులో మొక్కల పేర్ల ముందు ‘కుక్క’ చేరితే తరచు ‘అసలుది కాదు, పనికిరాదు’ అని. కుక్కతులసి, కుక్కవామింట అలాంటివే. పెంటకుప్పల దగ్గర లేచే, తినని గొడుగులను కుక్కకు అంటగట్టాం. మనమే కాదు, తమిళులు నాయ్‌క్కుడై, కన్నడిగులు నాయికొడె అంటారు. అన్నీ కుక్కగొడుగులే. హిందీ వాళ్లు కుకుర్‌ముత్తా అని కుక్క మూత్రం దాకా వెళ్లారు. బెంగాలీలు మాత్రం కప్పకు ఇచ్చారు, వాళ్లది బ్యాఙేర్ ఛాతా, కప్పగొడుగు. ఇంగ్లీషు టోడ్‌స్టూల్‌లోనూ కప్పే, కాకపోతే గొడుగు బదులు పీట.

ఒక్క మాట, ఇది వ్యాకరణం కాదు గానీ చెప్పకుండా ఉండలేను. పేరు చూసి తినకండి. కుక్కగొడుగులన్నీ విషం కావు, చూడచక్కనివన్నీ తిండికి పనికిరావు. వెండి ఉంగరం వేస్తే నల్లబడుతుందని, పురుగు తిన్నదైతే మనమూ తినొచ్చని చెప్పుకునే పరీక్షలు ఒక్కటీ నమ్మదగ్గవి కావు. అమనైటా అనే ప్రజాతిలో కొన్ని జాతుల విషం ఉడికించినా పోదు. తిన్న ఆరేడు గంటల దాకా ఏమీ తెలియదు, తర్వాత వాంతులు, విరేచనాలు. అవి తగ్గి మనిషి తేరుకున్నట్టు కనిపించినా లోపల కాలేయం దెబ్బతింటూనే ఉంటుంది. అనుమానం వస్తే కూరలో మిగిలిన ముక్కతో సహా ఆసుపత్రికి పరుగెత్తాలి. మీ అత్తగారిలా చిన్నప్పటి నుంచీ చేత్తో ఏరినవాళ్లు పక్కన లేకపోతే అడవివి ముట్టుకోకపోవడమే మేలు.

శిలీంధ్రం సంస్కృతం. నిఘంటువుల్లో దానికి పుట్టగొడుగుతో పాటు అరటిపువ్వు, ఒక రకం చేప అనే అర్థాలూ ఉన్నాయి. మేఘదూతంలో కాళిదాసు మేఘం ఉరుమును వర్ణిస్తూ, అది భూమిని ‘ఉచ్ఛిలీంధ్ర’గా, అంటే శిలీంధ్రాలు పైకి లేచినదానిగా చేస్తుందన్నాడు. ఉరిమితే పుట్టగొడుగులు లేస్తాయని మన పల్లెల్లో అనుకునే మాట అంత పాతదన్నమాట. పాఠ్యపుస్తకాలు ఈ మాటను తీసుకుని అర్థాన్ని పెంచాయి. రొట్టె మీద బూజు, పిండిని పొంగించే ఈస్టు, పుట్టగొడుగు అన్నీ ఇప్పుడు శిలీంధ్రాలే. కాబట్టి మీ వాడు ‘పుట్టగొడుగు ఒక శిలీంధ్రం’ అని రాస్తే మార్కులు వేయాలి. ‘శిలీంధ్రమంటే పుట్టగొడుగు’ అని రాస్తే నేటి వాడుకలో తప్పు, కాళిదాసు కాలానికి ఒప్పు. ధకారం మాత్రం ఏ కాలానికైనా ఒత్తుదే. వాడి పుస్తకంలో శిలీంద్రం అని అచ్చయి ఉంటే పెన్సిలుతో ఒక ఒత్తు పెట్టించండి.