రాయికి మతిమరుపు కావాలి

చిరంజీవి బుజ్జికి,

పెద్దమ్మ ఆశీస్సులు. నువ్వు పంపిన నీ నవల మూడు అధ్యాయాలూ నిన్న రాత్రి కూర్చున్నపళాన చదివేశాను. గుహ బాగుంది. గోడల్లోంచి పొడుచుకొచ్చిన స్ఫటికాలు, చెవి ఆనిస్తే వందేళ్ల కిందటి మాటలు... ఆ పేజీలు రెండోసారి కూడా చదివాను. కానీ నలభయ్యో పేజీకి వచ్చేసరికి ఒక అనుమానం పట్టుకుంది. రాజుగారిని చంపిందెవరో గుహలో ప్రతి రాయికీ తెలుసు కదా, మరి ఆ దండనాయకుడు సాక్షుల కోసం ఊళ్లన్నీ ఎందుకు తిరుగుతున్నట్టు?

నవ్వకు, ఇదే తప్పు నేనూ చేశాను. నా మొదటి నవల్లో ఒక నీలం రాయి ఉండేది. విన్నదల్లా దాచుకునేది. రాతప్రతి చదివిన సంపాదకుడు చివరి పేజీ అంచున పెన్సిలుతో ఒక్క ముక్క రాసి తిప్పి పంపాడు: "రాయిని అడిగితే పోయేదిగా?" రెండేళ్ల పని అది. నాలుగు రోజులు ఆయన్ని తిట్టుకున్నాను, ఐదో రోజు మొదటి పేజీ నుంచి తిరగరాయడం మొదలుపెట్టాను. అప్పట్నుంచీ ఇలాంటి వస్తువు కథలోకి వస్తే ముందు అది దేన్ని మరిచిపోతుంది, ఎప్పుడు మరిచిపోతుంది అన్నది తేల్చుకుంటాను. దాచుకునే శక్తి సంగతి తర్వాత.

దీనికి మంత్రాలేవీ వెతుక్కోనక్కర్లేదు, మామూలు ఇసుక రేణువు చాలు. ఇసుకలో ఎక్కువ భాగం పలుగురాయే, అదే క్వార్ట్జ్. మట్టి కింద కప్పబడిపోయిన పలుగు రేణువు చుట్టూ ఉన్న సహజ రేడియోధార్మికత వల్ల కొంచెం కొంచెంగా శక్తి కూడబెట్టుకుంటుంది. ఆ రాతి అల్లికలో ఉండే చిన్న చిన్న లోపాల్లో ఎలక్ట్రాన్లు చిక్కుకుని వేల ఏళ్లు అలాగే ఉండిపోతాయి. ఎండ తగిలిందా, అవన్నీ విడుదలైపోయి లెక్క మళ్లీ సున్నా నుంచి మొదలు. ఆ రేణువు చివరిసారి వెలుగు చూసి ఎంతకాలమైందో శాస్త్రవేత్తలు దీన్నిబట్టే లెక్కగడతారు. అందుకే మట్టిని వెలుగు తగలకుండా తవ్వి తీసి, ప్రయోగశాలలో మసక ఎర్ర దీపం కింద పని చేస్తారు.

ఇప్పుడు నీ గుహకి రా. నీ కథానాయిక మండే కాగడా పట్టుకుని లోపలికి వెళుతోంది. వెలుగే జ్ఞాపకాన్ని తుడిచేస్తుందనుకో, ఆమె వేసే ఒక్కో అడుగుకీ ఒక్కో గొంతు చచ్చిపోతుంది. హంతకుడు రాళ్లు పగలగొట్టక్కర్లేదు, పైకప్పులో ఒక కన్నం పొడిస్తే చాలు. వినాలనుకున్నవాళ్లు చీకట్లో తడుముకుంటూ పోవాలి, లేదా ఎర్ర గాజు లాంతరు సంపాదించుకోవాలి. ఆ లాంతర్లు ఎవరి గుప్పిట్లో ఉంటే వాళ్లదే రాజ్యం. చూశావా, దండనాయకుడికి ఊళ్లు తిరిగే కారణం దానంతటదే దొరికింది. ఇంకోటి. దాచుకునేది లోపాల్లోనే అన్నాను కదా. నీ కథలో మచ్చలేని నిగనిగలాడే స్ఫటికం రాజదర్బారుకి పోనీ, పగుళ్లూ మరకలూ ఉన్నదే మాట్లాడనీ.

శబ్దం లోపలికి ఎలా వెళుతుంది అన్నది నువ్వు అసలు పట్టించుకోలేదు. పూర్తిగా చెప్పక్కర్లేదు గానీ నీకైనా తెలిసుండాలి. పలుగురాయిని నొక్కితే దాని మీద విద్యుదావేశం పుడుతుందని 1880లో క్యూరీ అన్నదమ్ములు, జాక్, పియర్, కనిపెట్టారు. తిరగేసి విద్యుత్తు ఇస్తే అదే రాయి కదులుతుంది. నీ చేతి గడియారంలో సెకనుకి 32,768 సార్లు కంపించేది ఈ పలుగు ముక్కే. ఒత్తిడి లోపలికి, కదలిక బయటికి: నీ రాళ్లకి ఇంతకన్నా సిద్ధాంతం అవసరం లేదు. పాత రికార్డు ప్లేయర్లలో ముల్లు కదలికని విద్యుత్తుగా మార్చడానికి రోషెల్ సాల్ట్ అనే ఉప్పు స్ఫటికం వాడేవారు. దానికి చెమ్మ పడదు. మా ఇంట్లో ఉన్నది రెండు వానాకాలాలు గడిచాక గొంతు పీలబోయి, ఎంత పెంచినా పక్క గదిలో ఎవరో గొణుగుతున్నట్టే పాడేది. నీ గుహలో నీళ్లు కారుతున్నాయి కదా, ఆ పీలగొంతు ఒకటి పెట్టు.

నాకు అన్నిటికన్నా ఇష్టమైన సంగతి వినడం గురించి. 1857లో స్కాట్ ద మార్టిన్‌విల్ అనే ఫ్రెంచివాడు శబ్దాన్ని మసి పూసిన కాగితం మీద గీతలుగా పట్టే యంత్రం చేశాడు. పట్టడం వరకే, తిరిగి వినిపించడం దాని వల్ల కాదు. 1860లో ఆయన గీసిన ఒక పాటని 2008లో కంప్యూటరు సాయంతో మొదటిసారి వినగలిగారు. ఎవరో అమ్మాయి పాడుతోందనుకున్నారు. మరుసటి ఏడాది తేలిందేమిటంటే, రెట్టింపు వేగంతో విన్నారు. సరైన వేగానికి తెస్తే అది మగగొంతు, నిదానంగా పాడుతోంది, బహుశా స్కాట్ గొంతే. గీతలు అబద్ధం చెప్పలేదు, విన్నవాళ్లే పొరబడ్డారు. నీ మూడో అధ్యాయంలో ముసలి శ్రోత రాయి దగ్గర కూర్చుని "ఇది రాణిగారి గొంతు" అని తేల్చేస్తాడు, అందరూ నమ్మేస్తారు. ఆ తీర్పు తప్పు కావచ్చన్న అనుమానం ఒక్కరికైనా రానివ్వు.

శబ్దాన్నీ జ్ఞాపకాన్నీ నువ్వు ఒకే గాటన కట్టేశావు, ఇది మాత్రం తప్పక విడదియ్యి. శబ్దం గదిలో ఉన్న అందరిదీ, జ్ఞాపకం ఒక్కరిది. గుర్తు చేసుకున్నప్పుడల్లా మనిషి జ్ఞాపకం కాస్త మారుతుంది కూడా. రాయి దాచింది చప్పుడైతే చెంపదెబ్బ వినిపిస్తుంది, ఎవరు ఎవర్ని కొట్టారో తెలీదు. దాచింది జ్ఞాపకమైతే కొట్టినవాడి జ్ఞాపకంలో ఆ దెబ్బ మెల్లగానే తగిలి ఉంటుంది.

స్ఫటికాల సైజు గురించి భయపడకు. మెక్సికోలోని నైకా గనిలో 2000లో బయటపడ్డ గుహలో పదకొండు మీటర్లు దాటిన జిప్సం స్ఫటికాలున్నాయి. భూమికి దాదాపు 300 మీటర్ల లోతున, 58 డిగ్రీల వేడిలో. జిప్సం గోటితో గీస్తే గీత పడేంత మెత్తన. తాటిచెట్టంత స్తంభం మీద చిన్నపిల్ల గోటిగీత, దాంతో ఒక మాట తెగిపోవడం! వాడుకోకపోతే నేనే వాడేసుకుంటాను.

చిన్న చిరాకు ఒకటి: "మిలమిల" పదకొండుసార్లు వచ్చింది, లెక్కపెట్టాను. చీకటి గుహలో అన్ని మిలమిలలు ఎక్కణ్ణించి వచ్చాయమ్మా?

ఇంకేదీ ముట్టుకోకుండా ముందు తల్లి జోలపాట వినిపించే ఘట్టం తిరగరాసి పంపు. ఆ పిల్ల దీపం ఆర్పేసే వెళ్లాలి. పాట మధ్యలో ఎక్కడ తెగిపోతుందో నువ్వే చూసుకో.

పెద్దమ్మ