యకూజా నాయకుడు పోతే కొడుకే నాయకుడవుతాడా?

సాధారణంగా కాడు; జపాన్ నేరముఠాలైన యకూజాల్లో పీఠం రక్తసంబంధాన్ని బట్టి కాక, సాకే గిన్నె సంబంధాన్ని బట్టి చేతులు మారుతుంది. ముఠాలో చేరేవాడు నాయకుడి చేతి మీదుగా బియ్యపు మద్యం సాకేను చిన్న గిన్నెలో అందుకుని తాగుతాడు. ఆ గుక్కతో ఇతను కొడుకు, అతను తండ్రి. చిక్కంతా ఇక్కడే ఉంది: ఆ బంధం మనిషితో, పీఠంతో కాదు. తండ్రి పోయాక, నిన్నటిదాకా అన్నదమ్ముడి వరసైనవాడి దగ్గర గిన్నె అందుకుని అతన్ని తండ్రి అనాలి. అది అందరికీ మింగుడుపడదు.

ఉదాహరణకు, జపాన్‌లోని కోబే నగరం కేంద్రంగా ఉన్న యమగుచి-గుమి అనే యకూజా ముఠా మూడో నాయకుడు కజువో తవోకా 1981లో మరణించాడు. వారసుడనుకున్న కెనిచి యమమోతో 1982లో పోయాడు. రెండేళ్ల తర్జనభర్జన తర్వాత 1984లో, తవోకా భార్య మద్దతుతో మసహిసా తకెనకా పీఠమెక్కాడు. అతని గిన్నె ముట్టుకోబోమన్న హిరోషి యమమోతో వర్గం ఇచివా-కాయ్ పేరుతో వేరుకుంపటి పెట్టింది. 1985 జనవరిలో, ఒసాకా పక్కనున్న సుయిటాలో, ఒక అపార్ట్‌మెంట్ లిఫ్టు ముందు తకెనకాను కాల్చారు, మర్నాడు చనిపోయాడు. 1989లో ఇచివా-కాయ్ రద్దయ్యేదాకా పోరు సాగింది.

కొడుకుకే పీఠమన్న అపోహ పూర్తిగా నిరాధారం కాదు. యమగుచి-గుమి స్థాపకుడి తర్వాత అతని కొడుకే రెండో నాయకుడయ్యాడు. మూడోవాడైన తవోకా మాత్రం ఆ ఇంటివాడు కాడు. ఆ తర్వాత పీఠం మళ్లీ ఆ కుటుంబానికి చేరలేదు.