బాబాతుందే: వచ్చింది ఏ బాబా?

సందేహం: నైజీరియా వార్తల్లో ఒకే పేరును బాబాటుండే, బాబా తుండే, బబతుందే అని మూడు రకాలుగా చూశాను. ఏది ఒప్పు? ఇందులోని బాబాకూ సాయిబాబాలోని బాబాకూ సంబంధం ఉందా? ఒక అనువాదంలో ‘పునర్జన్మ ఎత్తిన తండ్రి’ అని అర్థం ఇచ్చారు. అది సరైనదేనా?

సమాధానం: అర్థం ముందు తేల్చుకుంటే రాత సగం తేలిపోతుంది. ఇది యోరుబా పేరు. యోరుబా నైరుతి నైజీరియాలోనూ, పక్కనున్న బెనిన్, టోగో దేశాల్లోనూ మాట్లాడే భాష. పేరులో మూడు మాటలున్నాయి. బాబా అంటే తండ్రి, తుం అంటే మళ్ళీ, దే అంటే వచ్చి చేరడం. కలిపితే ‘నాన్న మళ్ళీ వచ్చాడు’. శ్రీనివాస్, వెంకటరమణ, సుబ్బలక్ష్మి వంటి మన పేర్లు నామవాచకాలో సమాసాలో తప్ప వాటిలో క్రియ ఉండదు. యోరుబా పేర్లలో చాలావరకు కర్తా క్రియా ఉన్న నిండు వాక్యాలు. ‘పునర్జన్మ ఎత్తిన తండ్రి’ అన్న అనువాదం వాక్యాన్ని కాస్తా విశేషణం తగిలించిన నామంగా మార్చేసింది. వ్యాకరణం దృష్ట్యానే అది కుదరదు. భావం దృష్ట్యా ఇంకా కుదరదు. దాని సంగతి కింద చెబుతాను.

సాయిబాబాలోని బాబా మనకు పారసీకం నుంచి వచ్చింది. దానికీ అర్థం తండ్రే, పెద్దాయనే. అలాగని రెంటికీ చుట్టరికం కలపక్కర్లేదు. పసిపిల్లల నోట ముందుగా పలికే పెదవి అక్షరాలతో తల్లినీ తండ్రినీ పిలవడం ఎన్నో భాషల్లో ఉంది. యోరుబా బాబాకు సాధువు అన్న అర్థం లేదు. తండ్రి, తాత, వయసులో పెద్దవాడు, గౌరవించదగ్గవాడు: అందరూ బాబాలే.

పదం విడగొట్టి ‘బాబా తుండే’ అని రాస్తే వేరే చిక్కు ఉంది. యోరుబా వాళ్ళు పిల్లలున్న మగవాణ్ణి అతని బిడ్డ పేరుతో పిలుస్తారు, మనం ‘రాజు వాళ్ళ నాన్న’ అన్నట్టు. నైజీరియా మాజీ అధ్యక్షుడు ఒలుషెగున్ ఒబసాంజోను జనం ‘బాబా ఇయాబో’ అనేది ఇందుకే; ఆయన పెద్దకూతురి పేరు ఇయాబో. ఆ లెక్కన ‘బాబా తుందే’ అని విడిగా రాస్తే ‘తుందే వాళ్ళ నాన్న’ అవుతుంది. మనిషి పేరుగా రాసేటప్పుడు కలిపే రాయాలి.

ఇప్పుడు పునర్జన్మ. ఈ పేరు ఎవరికి పడితే వాళ్ళకు పెట్టేది కాదు. తాతో ముత్తాతో పోయాక ఆ ఇంట పుట్టిన మగబిడ్డకు, మామూలుగా మొదటివాడికి, పెడతారు. పేరులో ఉన్నది తండ్రే అయినా తిరిగొచ్చింది బిడ్డకు తాత. తెలుగులో అర్థం చెప్పాల్సి వస్తే ‘తాత తిరిగొచ్చాడు’ అన్నా తప్పు పట్టను. అవ్వ పోయాక పుట్టిన ఆడపిల్లకు యేతుందే, లేదా ఇందాకటి ఇయాబో. రెంటికీ ‘అమ్మ తిరిగొచ్చింది’ అనే అర్థం. తిరిగొచ్చే పెద్దలు నిండు వయసు బతికి, పిల్లాపాపల్ని చూసి పోయినవాళ్ళు. అకాలంగా పోయినవాళ్ళ కోసం ఈ పేరు పెట్టరు.

మన పునర్జన్మలో జీవుడు పాత దేహం వదిలి కొత్త దేహంలో చేరతాడు. కర్మను బట్టి ఎక్కడైనా, ఏ జీవిగానైనా పుట్టవచ్చు. యోరుబా నమ్మకం అది కాదు. వచ్చేది సొంత ఇంటికే, సొంత వంశంలోకే. వచ్చాక కూడా ఆ పెద్దాయన పితరుల్లో ఉంటూనే ఉంటాడు. మనవడు బాబాతుందే వాకిట్లో ఆడుకుంటుండగానే, పితరులు వేషం కట్టి ఊళ్ళోకి వస్తారని నమ్మే ఎగుంగున్ ఉత్సవంలో ఆయన్ను తలుచుకుంటారు. ఒకే తాత ఇద్దరు ముగ్గురు మనవల్లో తిరిగి రావడానికీ అభ్యంతరం లేదు. మన జీవుడికి ఇది సాధ్యం కాదు. ‘లోకం సంత, పరలోకం ఇల్లు’ అని వాళ్ళ సామెత. సంతకు మళ్ళీ వచ్చినంత మాత్రాన ఇల్లు పాడుపడదు. కాబట్టి పునర్జన్మ అనే మాట ఇక్కడ వాడకపోవడమే మేలు.

తాత పేరు మనవడికి పెట్టడం మనకూ ఉంది కదా అనవచ్చు. మామగారి పేరు నోటితో అనకూడదని కోడలు సొంత కొడుకునే ‘నాన్నా’ అనో ‘తాతయ్యా’ అనో పిలిచే ఇళ్ళు ఇప్పటికీ ఉన్నాయి. తేడా ఏమంటే, మనం తాత పేరును మోయిస్తాం. బాబాతుందేలో తాత పేరు ఎక్కడా లేదు. ఆయన వచ్చాడన్న కబురే పేరయింది. మరీ దగ్గరి పోలిక కావాలంటే ఇంకో రకం పేర్లు చూడాలి. పుట్టిన పిల్లలు వరసగా పోతుంటే మనవాళ్ళు పెంటయ్య, పుల్లయ్య అని పెట్టినట్టే, వాళ్ళు ‘ఇక వెళ్ళకు’ అనే అర్థంలో మలోమో అనీ, ‘ఉండి లోకాన్ని అనుభవించు’ అని దురోజయే అనీ పెడతారు. అక్కడ తిరిగి తిరిగి వచ్చేది తాత కాదు, పుట్టి చచ్చే అబికూ అనే పసిఆత్మ. ఈ రెంటినీ కలపకూడదు.

పేరు పెట్టేది ఎనిమిదో రోజున. పూర్వం మగబిడ్డకు తొమ్మిదో రోజు, ఆడపిల్లకు ఏడో రోజు, కవలలకు ఎనిమిదో రోజు అని ఉండేది. తేనె, ఉప్పు, నీళ్ళు, పామాయిల్, ఒబి అనే కోలా కాయ, ఒరోగ్బో అనే చేదు కాయ దగ్గర పెట్టుకుని, ఒక్కోదానికీ ఒక్కో దీవెన చెబుతూ బిడ్డకు నాకిస్తారు, పెద్దలూ రుచి చూస్తారు. దీవెన చాలాసార్లు వస్తువు పేరులోని శ్లేషే. ఒబిలో ‘బి’ అంటే తోసివేయడం, కనుక చావును తోసివేయాలని; ఒరోగ్బోలో ‘గ్బో’ అంటే ముసలితనం దాకా బతకడం, కనుక నిండు నూరేళ్ళు ఉండాలని. యోరుబాలో గ్బ సంయుక్తాక్షరం కాదు, ఒకటే హల్లు. పెదవులూ, అంగిలికి ఆనిన నాలుక వెనకభాగమూ ఒక్కసారే విచ్చుకుంటాయి. గ్‌ను విడిగా పలికితే తప్పే.

ఇక రాత. యోరుబా త, ద పలికేటప్పుడు నాలుక పళ్ళ దగ్గరే ఆగుతుంది, అంగిలి మీదికి మడత పడదు. ట, డ రాయడం ఇంగ్లీషు స్పెల్లింగు చూసి చేసే అలవాటు. పైగా ‘తుండే’ అని రాస్తే తెలంగాణ పాఠకుడికి వస్తుండే, పోతుండే గుర్తొచ్చి నవ్వొస్తుంది. ‘తుం’లో ఉన్నది నకారప్పొల్లు కాదు, ముక్కుతో పలికే ఉకారం. వాఁడు, నాఁడు అని రాసుకున్న రోజుల్లో అయితే అరసున్న ఇక్కడ అచ్చంగా అమరేది. అది ముద్రణలోంచి పోయింది కనుక నిండుసున్నతో సరిపెట్టుకోవాలి. అచ్చుల్లో మనకున్నట్టు హ్రస్వదీర్ఘ భేదం ప్రధానం కాదు, స్వరస్థాయి, అంటే గొంతు ఎత్తడం దించడం, ప్రధానం. మొదటి ‘బా’ కింది స్థాయి, తక్కిన మూడూ పై స్థాయి. బబతుందే అని రాసినవారి వాదనలో పస ఉంది కాని, బాబా అన్న మాట పాఠకుడికి వెంటనే అందాలంటే బాబాతుందే మేలు.

ఏకారాలు వాళ్ళకు రెండు. కవలల్లో వెనక పుట్టినవాడి పేరు కెహిందేలో మొదటిది విచ్చుకున్న ఎకారం, చివరిది మూసుకున్నది. మనం మేడ, మేలు అన్నప్పుడు తెలియకుండానే ఆ తేడా చేస్తాం. అక్షరం మాత్రం ఒక్కటే. రాతలో చూపలేం, వదిలేయండి. వదలకూడనిది షకారం. యోరుబా లిపిలో ఆ అక్షరం కింద గుర్తు ఉంటుంది, ఇంగ్లీషు పత్రికల్లో అది ఊడిపోతుంది. 1986లో నోబెల్ అందుకున్న రచయితను మనం సోయింకా అంటున్నాం. వాళ్ళ నోట ఆయన షోయింకా.

వార్త రాసేవారికి ఒక జాగ్రత్త. రెండోసారి ప్రస్తావించేటప్పుడు ‘తుందే’ అని కుదించవచ్చు, వాళ్ళూ అలాగే పిలుచుకుంటారు. కాని ఉత్త ‘తుందే’ అని కనిపించిన ప్రతివాడినీ బాబాతుందే అనుకోకండి. అకింతుందే కావచ్చు, ఒలాతుందే కావచ్చు. వాటిలో మళ్ళీ వచ్చింది తాత కాదు, మొదటిదానిలో వీరుడు, రెండోదానిలో గౌరవం.